దారి కంటే ముందు పుస్తకం
(స్మారకోపన్యాస పాఠం)



ఈ స్మారకోపన్యాసం ఎవరి పేరు మీద జరుగుతోందో ఆ మాస్టారు ఈ ఊరి హైస్కూల్లో భూగోళం చెప్పారు. కొండ పేరు చెబితే దాని మీదికి ఎటునుంచి ఎక్కాలో, పైన నీళ్లు దొరుకుతాయో లేదో కూడా చెప్పేవారని ఆయన దగ్గర చదువుకున్నవాళ్లు ఇప్పటికీ అంటారు. అందుకని ఈ ఏడాది ఈ గ్రంథాలయంలో ఆయన పేరు మీద మాట్లాడమన్నప్పుడు నేను వేరే విషయం వెతుక్కోలేదు. దూరపు కాలినడక దారుల గురించి, ఆ దారులు సాగే నేలల గురించి వచ్చిన పుస్తకాలు చాలాకాలంగా నేను ఇష్టంగా చదువుతున్నవి. వాటిలో కొన్నింటి కథ ఇవాళ మీ ముందు పెడతాను.

దారి ముందు ఉంటుంది, దాని మీద నడిచినవాళ్లు తర్వాత పుస్తకం రాస్తారు అని మనం అనుకుంటాం. ఇరవయ్యో శతాబ్దంలో పేరుమోసిన నడకదారుల పుట్టుక చూస్తే వరస తిరగబడి కనిపిస్తుంది. ముందు ఒక వ్యాసమో పుస్తకమో వచ్చింది. అది చదివినవాళ్లు కదిలారు. దారి ఆ తర్వాత పడింది. నేను చెప్పదలచుకున్నది ఇదే. దీనికి సాక్ష్యాలు అమెరికాలోనూ ఇంగ్లండులోనూ ఉన్నాయి. చివర్లో మన నల్లమలకూ వస్తాను.

అమెరికా తూర్పు కొండల మీదుగా జార్జియా రాష్ట్రం నుంచి మెయిన్ రాష్ట్రం దాకా 14 రాష్ట్రాల గుండా సాగే అపలేచియన్ ట్రెయిల్ పొడవు సుమారు 3,500 కిలోమీటర్లు. దాని పుట్టుక 1921 అక్టోబరులో వచ్చిన ఒక పత్రికా వ్యాసం. రాసినవారు బెంటన్ మెకై, అడవుల శాఖలో పనిచేసినవారు. ఆ వసంతంలోనే ఆయన భార్య చనిపోయారు. మనిషి కుంగిపోయి ఉంటే ఒక స్నేహితుడు న్యూజెర్సీలోని తన ఇంటికి పిలిపించుకున్నారు. ఆ స్నేహితుడు అమెరికా వాస్తుశిల్పుల సంఘం పత్రికకు సంపాదకుడు. అలా ఒక నడకదారి ప్రతిపాదన వాస్తుశిల్పుల పత్రికలో అచ్చయింది.

ఆ వ్యాసం శీర్షికలోనే ప్రాంతీయ ప్రణాళిక అన్న మాట ఉంది. మెకై అడిగింది ఒక్క కాలిబాటే అయితే ఇంత చెప్పుకోనక్కర్లేదు. ఫ్యాక్టరీల్లో, ఆఫీసుల్లో నలిగిపోతున్న పట్నవాసులకు కొండల వెంట విడుదులు, ఆ విడుదుల చుట్టూ చిన్న ఊళ్లు, వాటికి తిండి పండించే పొలాలు, అడవిలో గౌరవంగా చేసుకునే పని, ఇవన్నీ కోరారాయన. ఊళ్లు రాలేదు, పొలాలూ రాలేదు. దారి మాత్రం వచ్చింది. స్వచ్ఛంద సంఘాలవాళ్లు సెలవు రోజుల్లో గొడ్డళ్లు, రంగు డబ్బాలు పట్టుకెళ్లి చెట్ల మీద గుర్తులు పెడుతూ ముక్క ముక్క కలిపారు. మైరన్ ఏవరీ అనే న్యాయవాది కొలతచక్రం తోసుకుంటూ మైళ్ల కొద్దీ కొలిచారు. 1937 ఆగస్టులో దారి పూర్తయింది. కలగన్న మెకైకీ కొలిచిన ఏవరీకీ మధ్యలోనే చెడింది. కొండ నడినెత్తిన కార్ల రోడ్డు వేస్తామని ప్రభుత్వం అంటే ఎదిరించాలా, సర్దుకోవాలా అన్న దగ్గర ఇద్దరూ విడిపోయారు. నా మనసు మెకై వైపే ఉంటుంది. అయినా ఏవరీ లేకపోతే ఆ వ్యాసం పాత సంచికల కట్టలో ఉండిపోయేదని ఒప్పుకోవాలి.

రాసిన మాట ఎవరి దాకా వెళుతుందో రాసినవాడికి తెలియదు. ఒహాయో రాష్ట్రంలో ఎమ్మా గేట్‌వుడ్ అనే పల్లెటూరి ఆవిడ ఉండేవారు. పదకొండు మంది బిడ్డల తల్లి. భర్త చేతిలో ఏళ్లతరబడి దెబ్బలు తిని, చివరికి విడాకులు తీసుకున్నారు. ఎక్కడో కంటబడ్డ నేషనల్ జియోగ్రాఫిక్ పత్రికలో ఈ దారి మీద వ్యాసం చదివారు. 1955లో, 67 ఏళ్ల వయసులో, ముతక గుడ్డతో తనే కుట్టుకున్న సంచీ భుజాన వేసుకుని, కాన్వాస్ బూట్లతో, ఒంటరిగా ఆ దారంతా నడిచారు. ఒకే ఊపులో ఒంటరిగా ఆ దారి పూర్తిచేసిన మొదటి మహిళ ఆవిడే. వ్యాసంలో రాసినంత సులువుగా దారి లేదని విలేకరులతో నిష్ఠూరంగా చెప్పారు. రెండేళ్లకు మళ్లీ నడిచారు.

ఇక ఇంగ్లండు. అక్కడ చిక్కు వేరు. ఉత్తర ఇంగ్లండు నడుమ పెనైన్స్ అనే కొండల వరస ఉంది. దాని రెండు పక్కలా మాంచెస్టర్, షెఫీల్డ్, బ్లాక్‌బర్న్ వంటి మిల్లుల ఊళ్లు. వారమంతా పొగలో బతికే కార్మికులకు ఆదివారం ఆ కొండలు ఎదురుగా కనబడేవి. కానీ పైన ఉన్న మైదానాలు జమీందార్లవి. అడవికోళ్లను వేటాడే సరదా కోసం ఆ నేలకు కాపలా పెట్టి ఎవరినీ రానిచ్చేవారు కాదు. 1932 ఏప్రిల్ 24న బెన్నీ రోత్‌మన్ అనే ఇరవై ఏళ్ల కుర్రవాడి వెంట వందలాది మంది కిండర్ స్కౌట్ కొండ మీదికి కావాలనే, అందరికీ చెప్పి మరీ వెళ్లారు. కాపలాదార్లతో పెనుగులాట జరిగింది. ఐదుగురికి జైలుశిక్ష పడింది.

మూడేళ్ల తర్వాత, 1935 జూన్ 22న, డైలీ హెరాల్డ్ పత్రికలో టామ్ స్టీఫెన్‌సన్ ఒక వ్యాసం రాశారు. స్టీఫెన్‌సన్ పదమూడో ఏట బట్టల అద్దకం మిల్లులో పనికి చేరినవారు. చేరిన వారంలోనే దగ్గరున్న పెండిల్ కొండ ఎక్కి దూరాన మంచు కప్పుకున్న పెనైన్స్‌ను చూశారు. మొదటి ప్రపంచ యుద్ధంలో తుపాకీ పట్టనని జైలుకు వెళ్లారు. తర్వాత విలేకరి అయ్యారు. మీ దేశంలో మేం కాలినడకన తిరగాలనుకుంటున్నాం, మా అపలేచియన్ ట్రెయిల్ లాంటిది ఏమైనా ఉందా అని ఇద్దరు అమెరికన్ అమ్మాయిలు పత్రికకు ఉత్తరం రాశారు. లేదని జవాబు రాయాల్సి వచ్చింది. ఆ లోటే వ్యాసమైంది. మెకై రాత అట్లాంటిక్ దాటి ఇలా ఇంకో రాతను పుట్టించింది. పెనైన్స్ వెన్ను మీదుగా స్కాట్లండ్ సరిహద్దు దాకా ఒక నడకదారి కావాలి అన్నారు స్టీఫెన్‌సన్.

వ్యాసానికీ దారికీ మధ్య ముప్పై ఏళ్లు పట్టింది. గ్రామాల్లో పాత దస్తావేజులు వెతికి ఎక్కడ నడిచే హక్కు ఉందో, ఎక్కడ తెగిపోయిందో లెక్క తీశారు. 1948లో స్టీఫెన్‌సన్ హ్యూ డాల్టన్, బార్బరా కాసిల్ వంటి పార్లమెంటు సభ్యులను వెంటబెట్టుకుని ఆ కొండల మీద రోజుల తరబడి నడిపించారు. చట్టం చేసేవాళ్ల కాళ్లకు ఆ నేల తెలియాలని ఆయన పట్టుదల. 1949లో జాతీయ ఉద్యానాల చట్టం వచ్చింది. ఈడేల్ నుంచి కర్క్ యెథమ్ దాకా సుమారు 430 కిలోమీటర్ల పెనైన్ వే 1965 ఏప్రిల్ 24న లాంఛనంగా ప్రారంభమైంది. కిండర్ స్కౌట్ మీదికి జనం వెళ్లిన తేదీ కూడా అదే. ఆ దారికి అధికారిక గైడ్ పుస్తకాన్ని స్టీఫెన్‌సనే రాశారు. అది 1969లో వచ్చింది.

ఇక్కడ ఒక మనిషి దగ్గర కాస్త ఎక్కువసేపు ఆగుతాను. ఆల్‌ఫ్రెడ్ వెయిన్‌రైట్ 1907లో బ్లాక్‌బర్న్‌లో పుట్టారు. పేద కుటుంబం. పదమూడేళ్లకే బడి మానేసి మునిసిపల్ ఆఫీసులో కుర్రవాడిగా చేరి, రాత్రిపూట చదువుకుని అకౌంట్స్ పరీక్షలు పాసయ్యారు. 23వ ఏట, 1930లో, లేక్ డిస్ట్రిక్ట్ అనే సరస్సుల, కొండల ప్రాంతం చూడడానికి వెళ్లారు. విండర్మియర్ ఊరి వెనకున్న ఆరెస్ట్ హెడ్ అనే చిన్న గుట్ట ఎక్కారు. ఎత్తు 240 మీటర్లు కూడా లేదు. పైనుంచి సరస్సూ, దాని వెనక కొండల వరసా కనబడ్డాయి. ఆ ప్రాంతంలోనే బతకాలని ఆ రోజే అనుకున్నారు. 1941లో కెండల్ పట్టణ మునిసిపాలిటీలో తక్కువ జీతానికి ఉద్యోగం దొరికితే వెళ్లిపోయారు. తర్వాత అక్కడే ఖజానా అధికారి అయ్యారు.

1952 నవంబరు 9 రాత్రి ఆయన మొదటి పేజీ రాయడం మొదలుపెట్టారు. లేక్ డిస్ట్రిక్ట్ కొండలన్నింటినీ ఏడు పుస్తకాల్లో పెట్టాలి, పదమూడేళ్లలో ముగించాలి అని లెక్క వేసుకున్నారు. కారు లేదు, నడపడం రాదు. సెలవు రోజున బస్సెక్కి వెళ్లి కొండ ఎక్కడం, చివరి బస్సుకు తిరిగి రావడం, మిగతా రోజుల్లో ఆఫీసు నుంచి ఇంటికొచ్చి రాత్రి పేజీ గీయడం. 1966లో ఏడో పుస్తకం వచ్చింది. మొత్తం 214 కొండలు.

ఆ పేజీ ఎలా ఉంటుందో చెప్పాలి. అందులో అచ్చు అక్షరం ఉండదు. మాటలన్నీ ఆయన చేతిరాత, బొమ్మలన్నీ ఆయన పెన్ను గీతలు. పేజీని అలాగే ఫొటో తీసి ప్లేటు చేసి అచ్చువేశారు. ఒక్కో కొండకు ఒక్కో అధ్యాయం. కొండ ఏ పక్క నుంచి ఎలా కనబడుతుంది, ఏయే ఊళ్ల నుంచి ఎక్కవచ్చు, దారిలో గోడ ఎక్కడ విరిగింది, గేటు ఎక్కడుంది, వాగు ఎక్కడ దాటాలి, శిఖరం మీది రాళ్లగుట్ట ఏ ఆకారంలో ఉంది, అక్కడ నిలబడితే ఏ దిక్కున ఏ కొండ కనబడుతుంది, పక్క కొండకు వెన్ను మీదుగా ఎలా పోవాలి, ఇవన్నీ. ఎక్కే దారిని పటంలా మొదలుపెట్టి పైకి పోయేకొద్దీ బొమ్మగా మార్చేస్తారు. పేజీ కింద ఊరి ఇళ్లు పైనుంచి చూసినట్టు ఉంటాయి, పేజీ తలకు వచ్చేసరికి కొండ మన ముందు నిలబడి ఉంటుంది. ఈ ఉపాయం ఏ సర్వే పటంలోనూ లేదు.

పని మొదలుపెట్టి నెలలు గడిచి సుమారు నూరు పేజీలు పూర్తయ్యాక ఆయనకు ఒక లోపం కనబడింది. చేతిరాత పంక్తులు కుడివైపు ఎగుడుదిగుడుగా ముగుస్తున్నాయి. అచ్చు పుస్తకంలో ఉన్నట్టు రెండు అంచులూ సమానంగా ఉండాలని తోచింది. ఆ నూరు పేజీలూ పక్కన పడేసి మళ్లీ మొదటి నుంచి రాశారు. ఎవరూ అడగలేదు, ప్రచురణకర్త ఎవరో అప్పటికి తెలియనే తెలియదు. దారి తప్పని వివరం ఇవ్వాలన్న పట్టుదలా, పంక్తి అంచు సమంగా ఉండాలన్న పట్టుదలా ఒకే మనసులోవని నేను నమ్ముతాను. ఇలాంటి పుస్తకాన్ని నమ్మి మనిషి మంచులోకి వెళతాడు. దాన్ని రాసే చేతికి అంత శ్రద్ధ ఉండి తీరాలి.

మొదటి పుస్తకం 1955లో వచ్చింది. ప్రచురణకర్తగా పేరు వేసింది కెండల్ పట్టణ లైబ్రేరియన్ హెన్రీ మార్షల్. గ్రంథాలయంలో నిలబడి ఈ మాట చెప్పడం నాకు సంతోషంగా ఉంది. పుస్తకాలు అమ్ముడుపోయేకొద్దీ బాకీ తీర్చవచ్చని ముద్రాపకుడు అరువిచ్చారు. తర్వాత వచ్చిన రాబడిలో చాలా భాగం వెయిన్‌రైట్ దిక్కులేని జంతువుల సంరక్షణకు ఇచ్చేశారు. ఇదంతా మెచ్చుకుంటూనే ఒక మాట దాచకూడదు. ఆ పదమూడేళ్లూ ఇంట్లో మాటామంతీ లేకుండా పోయింది. ఏడో పుస్తకం వచ్చిన కొద్దికాలానికే మొదటి భార్య ఇల్లు వదిలి వెళ్లిపోయారు. ఆ పుస్తకాలకు ఆవిడా మూల్యం చెల్లించారు.

1968లో ఆయన పెనైన్ వే మీద పుస్తకం తెచ్చారు. దాన్ని చివరి నుంచి మొదటికి చదవాలి. నడిచేవాడు దక్షిణం నుంచి ఉత్తరానికి పోతాడు, పటంలో ఉత్తరం పైన ఉంటుంది. కాబట్టి దారి పేజీ అడుగున మొదలై పైకి పోతుంది, పేజీ అయిపోతే వెనక్కి తిప్పాలి. చేతిలో పుస్తకం పట్టుకుని నడిస్తే ఎదురుగా ఉన్నదే పేజీలో పైన ఉంటుంది. కుర్చీలో కూర్చుని చదివేవాడికి ఇబ్బందే. పుస్తకం రాసింది వాడికోసం కాదు. ఆ దారి అంటే వెయిన్‌రైట్‌కు పెద్ద ఇష్టం లేదు. బ్లాక్ హిల్ అనే చోట నల్లటి పీట్ ఊబిలో నడుము దాకా కూరుకుపోతే ఉద్యానం కాపలాదారు లాగి బయటపడేశారు. అయినా ఇంతదూరం నడిచి వచ్చినవాడికి గొంతు తడవాలని, కర్క్ యెథమ్‌లోని బోర్డర్ హోటల్లో ప్రతివారికీ అర పైంటు బీరు ఏళ్ల తరబడి తన ఖర్చుతో పోయించారు.

1973లో వచ్చిన ఆయన కోస్ట్ టు కోస్ట్ వాక్ పుస్తకం నా వాదనకు అన్నిటికంటే గట్టి సాక్ష్యం. పశ్చిమ తీరంలో సెయింట్ బీస్ నుంచి తూర్పు తీరంలో రాబిన్ హుడ్స్ బే దాకా, మూడు జాతీయ ఉద్యానాల మీదుగా, సుమారు 305 కిలోమీటర్ల దారిని ఒక మనిషి తన ఇంట్లో పటాలు పరుచుకుని గీసి, నడిచి, రాశారు. ప్రభుత్వం లేదు, చట్టం లేదు, దారి మొగదల బోర్డు కూడా లేదు. మొదట గీసిన దారిలో నడిచే హక్కు లేని చోట్లు కొన్ని ఉంటే తర్వాతి ముద్రణల్లో మార్చాల్సి వచ్చింది. నా దారి వెంటే రావద్దు, పటం తీసి మీ దారి మీరు గీసుకోండి అని ఆయన ఆ పుస్తకంలో పాఠకులకు చెప్పారు. పాఠకులు వినలేదు. వేలమంది ఆయన గీతనే పట్టుకున్నారు. దారి పక్క ఊళ్లలో సత్రాలు, టీ దుకాణాలు వెలిశాయి. 2022లో బ్రిటిష్ ప్రభుత్వం దాన్ని జాతీయ నడకదారిగా ఆమోదించింది. పుస్తకం వచ్చి అప్పటికి దాదాపు యాభై ఏళ్లు. ఆయన 1991లోనే పోయారు. ఆయన కోరినట్టే చితాభస్మం హేస్టాక్స్ కొండ మీది ఒక చిన్న కుంట పక్కన చల్లారు.

పుస్తకం జనాన్ని పిలిస్తే జనం పాదాలు నేలను తింటాయి. పీట్ అంటే వేల ఏళ్లుగా నాచు కుళ్లి పేరుకున్న మెత్తటి నేల. దాని మీద బూట్లు పడేకొద్దీ పైపొర చిరిగి, నల్లటి బురద బయటపడి, బురద తప్పించుకోవాలని మనుషులు పక్కకు నడిచి, పెనైన్ వే కాస్తా మైదానంలా వెడల్పైపోయింది. చివరికి రాతి పలకలు పరిచారు. ఆ పలకల్లో చాలావరకు ఎక్కడివో తెలుసా? మూతపడి కూలగొట్టిన లాంకషైర్ బట్టల మిల్లుల నేలవి. దారిలేని చోటికి హెలికాప్టర్లతో మోసుకెళ్లి దించారు. ఏ మిల్లుల నుంచి ఆదివారం పారిపోయి జనం కొండెక్కారో, ఆ మిల్లుల రాళ్ల మీదే ఇవాళ వాళ్ల మనుమలు నడుస్తున్నారు. స్టీఫెన్‌సన్ కోరింది పచ్చటి దారి. రాతిదారి ఆయనకు నచ్చేది కాదేమో. నేలను కాపాడే మార్గం మాత్రం అక్కడ అదొక్కటే.

ఇంకో రకం పుస్తకం ఉంది. అందులో దారి ఉండదు, దూరాలు ఉండవు. స్కాట్లండ్‌లో నాన్ షెపర్డ్ అనే ఉపాధ్యాయిని, స్టీఫెన్‌సన్ పుట్టిన 1893లోనే పుట్టారు. అబర్డీన్ దగ్గర ఒకే ఇంట్లో దాదాపు జీవితమంతా గడిపి, కెయిర్న్‌గామ్ కొండల్లో తిరిగారు. రెండో ప్రపంచ యుద్ధం చివరి రోజుల్లో ది లివింగ్ మౌంటెన్ అనే చిన్న పుస్తకం రాశారు. ప్రచురణకర్త తిప్పి పంపితే సొరుగులో పెట్టేశారు. ముప్పై ఏళ్ల తర్వాత, 1977లో అచ్చయింది. అందులో శిఖరం చేరడం మీద ఆమెకు ఆసక్తి లేదు. నీరు, మంచు, గాలి, వెలుతురు, మొక్కలు, జంతువులు, నిద్ర, ఇవీ ఆమె అధ్యాయాలు. అవే కొండలకు మళ్లీ మళ్లీ వెళ్లి, వాటి లోపలికి వెళ్లారు. వెయిన్‌రైట్ పుస్తకం జేబులో ఉండాలి, షెపర్డ్ పుస్తకం ఇంటికొచ్చాక తీయాలి. ఒక ప్రాంతానికి రెండూ కావాలి.

ఇప్పుడు మన దగ్గరికి వస్తాను. ఏనుగుల వీరాస్వామయ్య 1830 మే 18న మద్రాసు నుంచి కాశీకి బయలుదేరి 1831 సెప్టెంబరులో తిరిగొచ్చారు. ఆయన మద్రాసు సుప్రీంకోర్టులో ద్విభాషి. దారిపొడుగునా రాసి పంపిన వృత్తాంతాన్ని ఆయన పోయాక 1838లో మిత్రుడు కోమలేశ్వరపురం శ్రీనివాస పిళ్లె అచ్చువేయించారు. కాశీయాత్ర చరిత్రను మనం సాంఘిక చరిత్ర కోసం చదువుతాం. నేను దాన్ని దారి పుస్తకంగా చదవమంటాను. మజిలీకీ మజిలీకీ దూరం ఎంత, దారి ఇసుకా రాయా, నీళ్లున్నాయా, దుకాణాలున్నాయా, దిగడానికి చోటుందా, ఏ ఊళ్లో ఏం సుంకం అడుగుతారు, అన్నీ రాశారు. వెనక వచ్చేవాడు దాన్ని పట్టుకుని నడవవచ్చు. ఒక్క సంగతి మరవకూడదు. వీరాస్వామయ్య చాలా దూరం పల్లకీలో వెళ్లారు. నడిచింది బోయీలు. వాళ్ల అరికాళ్లకు తెలిసిన దారి ఏ పుస్తకంలోకీ రాలేదు.

ఆ యాత్రలో ఆయన ఆత్మకూరు దాటి, నల్లమల అడవిలో నాగలూటి, పెద్దచెరువు, భీముని కొలను మీదుగా శ్రీశైలం చేరారు. ఆ దారి ఇవాళ్టికీ ఉంది. పెద్దచెరువును ఇప్పుడు పెచ్చెర్వు అంటున్నారు. ఉగాదికి కన్నడ దేశం నుంచి వేలమంది భక్తులు ఆత్మకూరు పక్క వెంకటాపురం దగ్గర అడవిలో దిగి, నాగలూటి వీరభద్రుడికి మొక్కి, పాత రాతిమెట్లు ఎక్కి, పెచ్చెర్వు దగ్గర ఆగి, భీముని కొలను లోయలోకి దిగి, మళ్లీ ఎక్కి కైలాసద్వారం చేరి మల్లన్న గుడికి వెళతారు. అది పులుల అభయారణ్యం, పండుగ రోజుల్లో తప్ప అనుమతి ఉండదు. ఉండకూడదు కూడా. అందుకే అడుగు వేసేవాడికి తను ఎక్కడ నడుస్తున్నాడో తెలియాలి.

ఈ దారికి తెలుగులో వెయిన్‌రైట్ శ్రద్ధతో రాసిన పుస్తకం నా కంటబడలేదు. ఏ మెట్టు ఎవరు కట్టించారు, ఏ వాగు ఏ నెలదాకా పారుతుంది, చెంచులు ఆ లోయను, ఆ బండను, ఆ చెట్టును ఏ పేరుతో పిలుస్తారు, తాగునీరు ఎక్కడ, చెత్త వేయకుండా ఉండాల్సిన చోట్లేవి, ఇవన్నీ ఒక చోట ఉండాలి. చెంచు పెద్దలతో కూర్చుని, వాళ్ల పేర్లు పుస్తకం మీద రచయితలుగా వేసి రాయాలి. దారి ఉండీ, దాన్ని మళ్లీ కొత్తగా రాసేవాళ్లు లేకపోతే ఏమవుతుందో మిగతా కాశీదారి చూస్తే తెలుస్తుంది. ఆ మజిలీల్లో చాలావాటి మీదుగా హైవేలు పోయాయి, పాత దారి ఎటు పోయిందో అడిగినా చెప్పేవారు లేరు.

మాస్టారి నిధికి బాధ్యులైన మీకు నా మనవి ఇది. వచ్చే ఏడాది ఈ ఉపన్యాసానికి పెట్టే ఖర్చును ఈ పుస్తకానికి ఇవ్వండి. బొమ్మ గీయగలిగినవాళ్లు, నడవగలిగినవాళ్లు ఈ సభలో ఉన్నారు. అటవీశాఖకు దరఖాస్తు రాయండి, ఉగాదికి ముందే చెంచుగూడేలకు వెళ్లి మాట్లాడండి, నాగలూటి నుంచి మొదలుపెట్టండి. ఆ రాతప్రతి సరిచూసే పనిలో నేనూ కూర్చుంటాను.